ఆకాశం నుంచి దిగేది ఎవరి చేలో?

డబ్బు కట్టి అంతరిక్షం అంచుల దాకా వెళ్లి వచ్చే ప్రయాణాల గురించి ఈ పూట మాట్లాడుకుందాం. ఆ మాట వినగానే అమెరికా ఎడారులు, అక్కడి కోటీశ్వరులు గుర్తుకొస్తారు తప్ప మేడ్చల్, శామీర్‌పేట గుర్తుకు రావు. కానీ 2022 డిసెంబరు 7న హైదరాబాద్ ఈసీఐఎల్ దగ్గరున్న టాటా ఇన్‌స్టిట్యూట్ వారి బెలూన్ కేంద్రం నుంచి ఒక భారీ బెలూన్ పైకి లేచింది. దాని కింద వేలాడుతున్నది స్పెయిన్‌కు చెందిన హాలో స్పేస్ అనే ప్రైవేటు కంపెనీ తయారు చేయించిన నమూనా క్యాప్సూల్. రేపెప్పుడో టికెట్టు కొన్నవాళ్లను కూర్చోబెట్టి సుమారు 35 కిలోమీటర్ల ఎత్తుకు తీసుకెళ్లాలన్నది ఆ కంపెనీ ఆలోచన. మనుషులెవరూ లేని ఆ క్యాప్సూల్ 37 కిలోమీటర్ల ఎత్తు చూసి, పడమరగా సాగి, వికారాబాద్ జిల్లా మర్పల్లి మండలం మొగిలిగుండ్ల దగ్గర పొలాల్లో పారాచూట్ సాయంతో దిగింది. చుట్టుపక్కల ఊళ్ల జనం పరుగున వచ్చారు. అదేమిటో ఎవరికీ తెలియదు. వేరే గ్రహం నుంచి వచ్చిందన్నవాళ్లూ ఉన్నారు. ఫోన్లలో ఫొటోలు తీసుకున్నారు. అది పరిశోధన కోసం పంపిన బెలూన్ తాలూకు పరికరమని అధికారులు చెప్పాక అందరూ ఊపిరి పీల్చుకున్నారు. ఎవరికీ దెబ్బ తగల్లేదు. ప్రయోగం సఫలమైందని కంపెనీ ప్రకటించుకుంది.

ఈ ప్రసంగంలో నేను చెప్పదలచుకున్న వాదన ఒక్కటే. ఇలాంటి ప్రయాణాలు మన నేల మీద మొదలు కాకముందే, పైనుంచి దిగేదాని వల్ల కింద ఉన్న మనిషికి నష్టం జరిగితే ఎవరు చెల్లించాలి, ఎంత, ఎన్ని రోజుల్లో అన్నది పార్లమెంటు చట్టంగా రాసి ఉంచాలి. మొదటి టికెట్టు ఆ తర్వాతే అమ్ముడు కావాలి. ప్రైవేటు అంతరిక్ష రంగం మీద వ్యతిరేకతతో అంటున్న మాట కాదిది. ఆ రంగం మన దగ్గర నిలదొక్కుకోవాలన్న కోరికతోనే అంటున్నాను.

అసలు ఈ జిల్లాకు అంతరిక్షంతో ఉన్న సంబంధం చిన్నది కాదు. 2016 అక్టోబరులో ఏర్పడిన మేడ్చల్-మల్కాజిగిరి జిల్లా పటం ఒకసారి తెరిచి చూడండి. కాప్రా వైపున బెలూన్ కేంద్రం ఉంది. బాలానగర్‌లో 1970లో మొదలైన ఎంటార్ సంస్థ ఇస్రో రాకెట్లకు వికాస్ ఇంజన్ తయారు చేసి ఇస్తూ వచ్చింది. దుండిగల్‌లో వైమానిక దళ అకాడమీ ఉంది. 2025 జూన్ 25న ఆక్సియం అనే ప్రైవేటు కంపెనీ యాత్రలో, స్పేస్‌ఎక్స్ వాహనమెక్కి అంతర్జాతీయ అంతరిక్ష కేంద్రానికి వెళ్లిన శుభాంశు శుక్లా ఆ అకాడమీలో శిక్షణ పొందినవారే. ఆ ఒక్క సీటుకు, శిక్షణకు కలిపి మన ప్రభుత్వం సుమారు 550 కోట్ల రూపాయలు వెచ్చించినట్టు పత్రికల్లో వచ్చింది. రాజీవ్ రహదారి మీదికి వస్తే హకీంపేట వైమానిక స్థావరం. దాన్ని దాటి తూంకుంట మీదుగా శామీర్‌పేట చేరితే అక్కడ 1998లో ఏర్పడ్డ నల్సార్ న్యాయ విశ్వవిద్యాలయం. రాకెట్లు, బెలూన్లు, పైలట్లు ఉన్న జిల్లాలో న్యాయ విశ్వవిద్యాలయం ప్రస్తావన ఎందుకంటే, విమానయాన, అంతరిక్ష, రక్షణ రంగాల చట్టాలకోసం ప్రత్యేకంగా ఒక అధ్యయన కేంద్రాన్ని నడుపుతున్న విద్యాసంస్థ అది. ఈ రోజు మన వాదనకు జిల్లాలో అన్నిటికంటే దగ్గరి చోటు అదే.

సొంత డబ్బు కట్టి అంతరిక్షానికి వెళ్లడం 2001లో మొదలైంది. ఆ ఏడాది ఏప్రిల్‌లో డెన్నిస్ టిటో అనే అమెరికన్ రష్యా సోయజ్ వాహనంలో అంతరిక్ష కేంద్రానికి వెళ్లాడు. రెండు కోట్ల డాలర్లు చెల్లించాడని చెబుతారు. ఆ తర్వాత కొన్నేళ్లు అడపాదడపా సాగిన ఈ వ్యవహారం 2021లో ఒక్కసారిగా ఊపందుకుంది. ఆ ఏడాది జులై 11న రిచర్డ్ బ్రాన్సన్‌తో పాటు వర్జిన్ గెలాక్టిక్ వాహనంలో ఎగిరిన ఆరుగురిలో గుంటూరు మూలాలున్న మన శిరీష బండ్ల ఒకరు. ఆమె సరదాకు వెళ్లలేదు, మొక్కల మీద ఒక ప్రయోగం చేసి వచ్చారు. 2024 మే 19న విజయవాడలో పుట్టిన గోపీచంద్ తోటకూర బ్లూ ఆరిజిన్ వారి న్యూ షెపర్డ్‌లో వెళ్లారు. భారతదేశపు తొలి అంతరిక్ష పర్యాటకుడు తెలుగువాడేనని మనం పొంగిపోయాం. పొంగిపోవలసిందే. అయితే ఆ ప్రయాణంలో జరిగిన మరో విషయాన్ని మన పత్రికలు అంతగా పట్టించుకోలేదు. క్యాప్సూల్ దిగేటప్పుడు మూడు పారాచూట్లలో ఒకటి పూర్తిగా విచ్చుకోలేదు. రెండింటితోనే క్షేమంగా దిగేలా దాన్ని తయారు చేశారు కాబట్టి ఎవరికీ ఏమీ కాలేదు. జనసంచారం లేని పశ్చిమ టెక్సస్ ఎడారిలో దిగింది కాబట్టి కింద ఉన్నవాళ్ల ప్రశ్నే రాలేదు.

ఆ ఎడారి మనకు లేదు. 2011 లెక్కల ప్రకారం తెలంగాణలో చదరపు కిలోమీటరుకు మూడు వందల మందికి పైగా ఉన్నారు. ఒక్క మేడ్చల్-మల్కాజిగిరి జిల్లా తీసుకుంటే ఆ సంఖ్య రెండు వేలు దాటుతుంది. శ్రీహరికోటను ప్రయోగకేంద్రంగా ఎంచుకోవడంలో ఒక పెద్ద కారణం తూర్పున బంగాళాఖాతం ఉండడం. రాకెట్టు తూర్పుకు పోతుంది, ఖాళీ అయిన దశలు విడిపోయి సముద్రంలో పడతాయి. బెలూన్‌కు ఆ వీలు లేదు. దాని పని తీరు కాస్త వివరంగా చూడాలి. పలుచని పాలిథీన్ పొరతో చేసిన బెలూన్‌లో నేల మీద ఉండగా పైభాగంలో మాత్రమే కొంత వాయువు నింపుతారు. మిగతాదంతా పొడవాటి చీరలా కిందికి వేలాడుతూ ఉంటుంది. పైకి పోయేకొద్దీ చుట్టూ గాలి పలచబడి లోపలి వాయువు వ్యాకోచిస్తుంది, ముడుతలన్నీ విచ్చుకుని బెలూన్ గుండ్రని ఆకారానికి వస్తుంది. 35 కిలోమీటర్ల ఎత్తులో వాతావరణంలోని గాలి నూటికి 99 పాళ్లు కిందనే ఉండిపోతుంది. ఆకాశం పట్టపగలే నల్లగా కనిపిస్తుంది. భూమి వంపు తెలుస్తుంది. బరువు మాయం కాదు, రాకెట్టులో మాదిరి తేలిపోవడం ఉండదు. కిందికి రావలసిన వేళకు నేల మీది నుంచి రేడియో ఆదేశం పంపితే తాడు తెగి, పరికరం పారాచూట్‌తో దిగుతుంది. చిరిగిన బెలూన్ ఇంకోచోట పడుతుంది. ఈ మొత్తంలో చుక్కాని లేదు. ఎటు పోవాలో నిర్ణయించేది గాలి. ఏ ఎత్తులో ఏ గాలి ఎటు వీస్తున్నదో లెక్క కట్టి, దిగే ప్రాంతాన్ని ముందే అంచనా వేస్తారు. అంచనా ఎంత మంచిదైనా అందులో ఒక జిల్లా పడుతుందే కానీ ఒక సర్వే నంబరు పడదు.

ఇక్కడ బెలూన్ కేంద్రం గురించి గౌరవంగా ఒక మాట చెప్పాలి. 1969 నుంచి అది హైదరాబాద్‌లో ఉంది. కాస్మిక్ కిరణాలు, ఎక్స్ కిరణాలు, పైవాతావరణం మీద దేశవిదేశాల శాస్త్రవేత్తల పరికరాలను మోసిన బెలూన్లు అక్కడి నుంచి వందల సంఖ్యలో లేచాయి. 2005లో ఎగిరిన ఒక బెలూన్ తెచ్చిన గాలి నమూనాల్లో మూడు కొత్త సూక్ష్మజీవులు దొరికాయి, వాటిలో ఒకదానికి ఇస్రో పేరు, ఒకదానికి ఆర్యభట పేరు పెట్టారు. సీజన్ మొదలయ్యేముందు ఆ కేంద్రం పత్రికల్లో ప్రకటన ఇస్తుంది. ఫలానా జిల్లాల్లో పరికరాలు దిగవచ్చు, దొరికినవాళ్లు ముట్టుకోకుండా దగ్గరి పోలీసు ఠాణాకు కబురు పెట్టండి, తగిన పారితోషికం ఇస్తాం అని దాని సారాంశం. 2025 జనవరిలో బీదర్ జిల్లా జలసంగి గ్రామంలో ఒక బెలూన్ పడినప్పుడు జనం ముందు బెదిరినా, దాని మీదున్న వివరాలను బట్టి అది ఈ కేంద్రానిదేనని తెలిసింది. అరవై ఏళ్లకు దగ్గర పడుతున్న ఈ వ్యవహారమంతా నడిచింది ఊళ్లకూ శాస్త్రవేత్తలకూ మధ్య ఉన్న నమ్మకం మీద. ఒక రైతు తన చేలో దిగిన పెట్టెను విప్పి అమ్ముకోకుండా కాపలా కాసి అప్పగించాడంటే అది దేశం పని అనుకున్నాడు కాబట్టి. రేపు దిగబోయేది లక్ష, రెండు లక్షల యూరోలు పెట్టి టికెట్టు కొన్న యాత్రికుల వాహనం. దాని నిర్వహణ లాభం కోసం నడిచే కంపెనీది. ప్రభుత్వ పరిశోధన సంస్థ కూడబెట్టుకున్న నమ్మకాన్ని ఆ కంపెనీ ఉచితంగా వాడుకోవడం సబబు కాదు. పరికరం బరువు మారింది, లోపల మనుషులు చేరారు, వెనక వ్యాపారం చేరింది. కాబట్టి కింద ఉన్నవాడి హక్కూ మారాలి.

అంతర్జాతీయ ఒప్పందాలున్నాయి కదా అని తెలిసినవాళ్లు అడుగుతారు. ఉన్నాయి. 1967 నాటి అంతరిక్ష ఒప్పందం, 1972 నాటి బాధ్యతల ఒప్పందం, రెండింటిలోనూ భారత్ భాగస్వామి. అంతరిక్షంలోకి పంపిన వస్తువు నేల మీద నష్టం చేస్తే పంపిన దేశం తప్పు ఉన్నా లేకపోయినా చెల్లించి తీరాలని రెండో ఒప్పందం చెబుతుంది. 1978లో సోవియట్ ఉపగ్రహం కాస్మోస్ 954 అణు ఇంధనంతో సహా కెనడాలో పడింది. కెనడా 60 లక్షల కెనడా డాలర్లు అడిగింది, 1981లో 30 లక్షలకు ఒప్పందం కుదిరింది. మన పొరుగున చూస్తే, 2022 ఏప్రిల్ 2 రాత్రి మహారాష్ట్ర చంద్రపూర్ జిల్లాలో, మన ఆసిఫాబాద్ జిల్లాకు ఎగువన, లాడ్‌బోరీ గ్రామం దగ్గర ఒక పెద్ద లోహపు చక్రం పడింది. ఆ రాత్రి నిప్పుల గీతల్లాంటి వెలుగులు తెలంగాణలోనూ కనిపించాయి. అది చైనా రాకెట్టు శకలమని నిపుణులు తేల్చారు. ఆ చక్రం ఒక ఇంటి మీద పడి ఉంటే మన ప్రభుత్వం చైనాను పరిహారం అడగగలిగేది.

ఇప్పుడు అదే చక్రం శ్రీహరికోట నుంచి లేచిన మన రాకెట్టుదే అయి, అదే ఇంటి మీద పడిందనుకోండి. బాధ్యతల ఒప్పందం ఏడో అధికరణం ప్రకారం, ప్రయోగించిన దేశపు సొంత పౌరులకు ఆ ఒప్పందం వర్తించదు. ఆ ఒప్పందం దేశాల మధ్య లెక్కలకోసం రాసుకున్నది. సొంత పౌరుడి సంగతి ఆ దేశం సొంత చట్టంలో చూసుకోవాలని వదిలేసింది. చాలా దేశాలు చూసుకున్నాయి. ఫ్రాన్స్ 2008లో, జపాన్ 2016లో, బ్రిటన్ 2018లో చట్టాలు చేసుకున్నాయి. మనం 2017 నవంబరులో అంతరిక్ష కార్యకలాపాల బిల్లు ముసాయిదాను ప్రజల అభిప్రాయానికి పెట్టి, అక్కడితో ఆగిపోయాం. 2020లో ప్రైవేటు సంస్థలకు తలుపులు తెరిచాం, అనుమతులకోసం ఇన్‌స్పేస్ అనే సంస్థను ఏర్పాటు చేశాం, 2023లో విధానం ప్రకటించాం, 2024లో విదేశీ పెట్టుబడుల నిబంధనలు సడలించాం. ఇవన్నీ మంచివే. కానీ విధానం అనేది ప్రభుత్వం తనకు తాను చెప్పుకునే మాట. చట్టం పౌరుడి చేతికిచ్చే కాగితం. ఇన్నేళ్లలో చాలా ముందుకు నడిచిన మనం ఆ కాగితం మాత్రం రాయలేదు. 2017 ముసాయిదాలోనూ, ప్రభుత్వం మీద ఎవరైనా క్లెయిమ్ వేస్తే ఆ ఖర్చును లైసెన్సుదారు భరించాలని ఉంది. అది ప్రభుత్వాన్ని కాపాడే ఏర్పాటు. నష్టపోయిన రైతును కాపాడే ఏర్పాటు దాని తర్వాతి మెట్టు.

కోర్టులు ఉన్నాయి కదా అంటే, అవీ ఉన్నాయి. ప్రమాదకరమైన పని చేసే సంస్థ తన వల్ల జరిగిన హానికి ఏ మినహాయింపూ లేకుండా బాధ్యత వహించాలని మన సుప్రీంకోర్టు 1986లో ఎం.సి.మెహతా కేసులో గట్టిగానే చెప్పింది. అప్పటికి భోపాల్ విషవాయువు ప్రమాదం జరిగి రెండేళ్లయింది. ఆ సిద్ధాంతం అంత గొప్పదైనా, భోపాల్ బాధితుల తరఫున 330 కోట్ల డాలర్లు అడిగిన ప్రభుత్వం 1989లో 47 కోట్ల డాలర్లకు రాజీ పడింది. ఆ డబ్బు చేతికి రావడానికి బాధితులు ఇంకా ఏళ్లు తిరిగారు. 2020 మే 7న విశాఖపట్నం ఆర్.ఆర్.వెంకటాపురంలో స్టైరీన్ వాయువు లీకైనప్పుడు చనిపోయినవాళ్ల కుటుంబాలకు రాష్ట్ర ప్రభుత్వం కోటి రూపాయల చొప్పున ప్రకటించింది, జాతీయ హరిత ట్రిబ్యునల్ మర్నాడే కంపెనీని 50 కోట్లు జమ చేయమంది. త్వరగా స్పందించారు, సంతోషం. కానీ అదంతా ఆ రోజున్న ప్రభుత్వం, ఆ రోజున్న ట్రిబ్యునల్ చొరవ మీద ఆధారపడింది. ప్రమాదం జరిగాక ఎవరికి ఎంత మనసొస్తే అంత అన్నది హక్కు కాదు. భోపాల్ తర్వాత 1991లో వచ్చిన ప్రజా బాధ్యత బీమా చట్టం ఈ విషయంలో మనకు కొంత దారి చూపిస్తుంది. ప్రమాదకర రసాయనాలు వాడే ప్రతి సంస్థా ముందే బీమా తీసుకోవాలి, తప్పెవరిదన్న వాదనతో పని లేకుండా కలెక్టరు ద్వారా తక్షణ సాయం అందాలి అంటుంది అది. పద్ధతి బాగుంది. ప్రాణనష్టానికి 25 వేల రూపాయలని రాసిన మొత్తం మాత్రం దశాబ్దాల తరబడి అలాగే ఉండిపోయింది. కొత్త చట్టంలో ఆ తప్పు చేయకుండా, ధరలతో పాటు పరిహారం పెరిగేలా రాయాలి.

చిన్న నష్టాలను కూడా చూడాలి. డిసెంబరు నెలలో వికారాబాద్ ప్రాంతంలో కంది కోతకొచ్చి ఉంటుంది, పత్తి ఏరుతూ ఉంటారు. క్యాప్సూల్ దిగిన చోట పోయే పంట కొద్దిపాటిదే కావచ్చు. దాన్ని చూడడానికి వచ్చే జనం తొక్కే పంట అంతకంటే ఎక్కువ. దాన్ని ఎత్తుకుపోవడానికి వచ్చే లారీ, క్రేను చేలోకి దిగితే గట్లు పోతాయి, డ్రిప్పు పైపులు పగులుతాయి. పంచనామా ఎవరు చేయాలి? నష్టం ఎవరు కట్టాలి? కడితే ఎవరికి? పట్టాదారు పాసుపుస్తకంలో ఉన్న పేరుకా, పెట్టుబడి పెట్టి సాగు చేస్తున్న కౌలు రైతుకా? పంట నష్టం పరిహారాల్లో కౌలు రైతు పేరు జారిపోవడం మన రాష్ట్రంలో అందరికీ తెలిసిన బాధే. ఆకాశం నుంచి వచ్చిన నష్టం విషయంలోనూ అదే జరగకూడదంటే, సాగు చేస్తున్నవాడికే పరిహారం అన్న మాట చట్టంలో ఉండాలి. మేడ్చల్ చౌరస్తాలో తిరిగే ఆటోకు సైతం థర్డ్ పార్టీ ఇన్సూరెన్స్ తప్పనిసరి. రోడ్డు మీద నడిచేవాడు ఆటో డ్రైవరుతో ఏ ఒప్పందమూ చేసుకోలేదు కాబట్టి అతని రక్షణ చట్టం చూసుకుంటుంది. 37 కిలోమీటర్ల ఎత్తు నుంచి దిగేదానికి ఆ పాటి నియమమైనా ఉండాలి కదా.

ఇందులో ఒక చిక్కుముడి ఉంది, దాన్ని దాటేసి పోవడానికి లేదు. అంతరిక్షం ఎక్కడ మొదలవుతుంది? అంతర్జాతీయ వైమానిక సమాఖ్య 100 కిలోమీటర్లంటుంది. అమెరికా 80 కిలోమీటర్లకే వ్యోమగామి అంటుంది. శిరీష బండ్ల వెళ్లింది 86 కిలోమీటర్లు. హైదరాబాద్ కంపెనీ స్కైరూట్ 2022 నవంబరు 18న శ్రీహరికోట నుంచి పంపిన విక్రమ్-ఎస్, మన దేశపు తొలి ప్రైవేటు రాకెట్టు, 89.5 కిలోమీటర్లు చేరింది. రెండూ అమెరికా గీత దాటినవే, రెండూ 100 కిలోమీటర్ల గీతకు ఈవలే ఉన్నవి. 37 కిలోమీటర్ల బెలూన్ ఏ లెక్కన చూసినా అంతరిక్షం కాదు. అలాగని విమానాలు తిరిగే ఎత్తూ కాదు, వాటికి మూడింతలు పైన. మన విమాన చట్టంలో బెలూన్ కూడా విమానమే కాబట్టి అంతరిక్ష చట్టంతో దానికి పనేముంది అని ఎవరైనా వాదించవచ్చు. అందులో నిజం ఉంది. అందుకే కొత్త చట్టం ఎత్తును బట్టి కాకుండా పనిని బట్టి రాయాలంటాను. యాత్రికులను గానీ, భారీ పరికరాన్ని గానీ, డబ్బు తీసుకుని విమాన మార్గాలకు పైకి పంపి, తిరిగి నేల మీదికి దించే ప్రతి సంస్థా ఒకే బాధ్యత కిందికి రావాలి. కింద ఉన్నవాడికి అది 37 నుంచి వచ్చిందా 89 నుంచి వచ్చిందా అన్న తేడా ఉండదు.

ఇక అసలైన అభ్యంతరానికి వద్దాం. ఇప్పుడిప్పుడే మొలకెత్తుతున్న పరిశ్రమ మీద బాధ్యతల భారం వేస్తే మొలకలోనే చచ్చిపోతుంది అంటారు. స్కైరూట్‌ను 2018లో పవన్‌కుమార్ చందన, నాగ భరత్ డాక అనే ఇద్దరు ఇస్రో ఇంజనీర్లు మొదలుపెట్టారు. ధ్రువ స్పేస్ అనే మరో కంపెనీ చిన్న ఉపగ్రహాలు 2022 నవంబరులో పీఎస్ఎల్‌వీ మీద కక్ష్యలోకి చేరాయి. ఇలాంటి కంపెనీలు బతకాలి, పెరగాలి. వాటికోసం అడిగే ఈ ప్రశ్నను తేలిగ్గా తీసుకోకూడదు. అయితే అనుభవం చెబుతున్నది వేరు. అమెరికా 1988లోనే ప్రయోగ సంస్థలు ఇతరుల నష్టానికి బీమా తీసుకోవాలని నియమం పెట్టింది. జరగగల గరిష్ఠ నష్టాన్ని లెక్క కట్టి, అంతమేరకు, 50 కోట్ల డాలర్లకు మించకుండా కంపెనీ బీమా భరిస్తుంది. ఆపైన నష్టమైతే ఒక హద్దు వరకు ప్రభుత్వం చూసుకుంటుంది. ఆ నియమం ఉండగానే, దాని కిందనే, ప్రపంచంలోని అతి పెద్ద ప్రైవేటు రాకెట్టు పరిశ్రమ అక్కడ ఎదిగింది. కారణం ఊహించడం కష్టం కాదు. ఎంతవరకు బాధ్యత ఉందో ముందే తెలిస్తే పెట్టుబడిదారు ధైర్యంగా డబ్బు పెడతాడు, బీమా కంపెనీ ప్రీమియం లెక్క కట్టగలుగుతుంది. హద్దు లేని, ఎప్పుడు ఏ కోర్టు ఏమంటుందో తెలియని బాధ్యతే చిన్న కంపెనీని ఎక్కువ భయపెడుతుంది. ఒక ప్రమాదం జరిగి జనం రోడ్డెక్కితే అన్ని ప్రయోగాలూ ఒక్కసారిగా ఆగిపోతాయి. చట్టం ఉంటే ఆ ఒక్క కంపెనీ చెల్లిస్తుంది, మిగతావాళ్ల పని సాగుతుంది.

యాత్రికుల సంగతి కొంత వేరు. వాళ్లు తెలిసి వెళ్తున్నారు. అమెరికా 2004లో చేసిన చట్టం ప్రకారం, ప్రమాదాలన్నీ చెప్పి సంతకం తీసుకుంటే చాలు, యాత్రికుల భద్రత మీద ప్రభుత్వం కొత్త నియమాలు పెట్టదు. పరిశ్రమ నేర్చుకోవడానికి ఇచ్చిన ఆ గడువును పదే పదే పొడిగిస్తూ వచ్చారు, ఇప్పుడది 2028 జనవరి 1 దాకా ఉంది. మనమూ అదే పద్ధతి తెచ్చుకుందామని సూచించేవాళ్లున్నారు. తెచ్చుకోవచ్చు గానీ దానితో పాటు మరొకటి తేవాలి. 2014 అక్టోబరు 31న మొహావీ ఎడారి పైన వర్జిన్ గెలాక్టిక్ పరీక్షా వాహనం గాలిలోనే ముక్కలై సహ పైలట్ చనిపోయాడు. కంపెనీతో సంబంధం లేని జాతీయ రవాణా భద్రతా బోర్డు విచారణ చేసి, ఆ సహ పైలట్ ఒక మీటను ముందుగా కదిపాడనీ, ఒక్క మనిషి పొరపాటు అంత అనర్థం తెచ్చేలా వాహనాన్ని రూపొందించడమే మూలకారణమనీ ఏడాది లోపే బయటపెట్టింది. ఆ నివేదిక ప్రపంచంలో ఎవరైనా చదువుకోవచ్చు. సంతకం చేసినవాడికి ప్రమాదం గురించి చెప్పాలంటే ప్రమాదాల గురించి నిజం బయటికి రావాలి. అనుమతిచ్చే సంస్థే విచారణ కూడా చేసే ఏర్పాటు మన దగ్గర వద్దు. అదీ కాక, ఇంటి పెద్ద సంతకం చేసిన కాగితం అతని భార్యాపిల్లల హక్కును ఎంతవరకు రద్దు చేయగలదన్నది మన వినియోగదారుల చట్టం కింద ఇంకా తేలని ప్రశ్న. అది తేలడానికి ఒక కుటుంబం కోర్టు మెట్లెక్కే దాకా ఆగడం దేనికి?

ఇంత మంది పేదలున్న రాష్ట్రంలో పది మంది ధనవంతుల విహారం గురించి ఇంత చర్చా అని కూడా అడగవచ్చు. ఆ యాత్ర చేసేవాళ్లు కొద్దిమందే. టికెట్టు ఆరు కోట్ల రూపాయల దాకా ఉండవచ్చని 2023లో అప్పటి ఇస్రో చైర్మన్ సోమనాథ్ అన్నట్టు వార్తలొచ్చాయి. అంత పెట్టగలవాడు తన రక్షణ తాను చూసుకుంటాడు. చర్చంతా ఆ టికెట్టు కొనలేని, కొనాలని కూడా అనుకోని మనిషి గురించే. అతనికి పైనుంచి కనిపించే భూమి వంపు దక్కదు, పైనుంచి వచ్చే ప్రమాదంలో మాత్రం వాటా దక్కుతుంది. ఆ వాటాకు లెక్క రాయమని అడగడం పేదల పక్షాన అడగడమే.

మరి ఎవరు రాయాలి? పార్లమెంటే రాయాలి, అంతరిక్షం కేంద్ర ప్రభుత్వం చేతిలోని విషయం. అయితే ముసాయిదా ఎక్కడైనా తయారు కావచ్చు. శామీర్‌పేటలో అంతరిక్ష చట్టం చదివే విద్యార్థులకు అరగంట దూరంలోనే బెలూన్ కేంద్రం ఉంది, ఒక పూట ప్రయాణంలో మొగిలిగుండ్ల ఉంది. అక్కడికి వెళ్లి ఆ రోజు ఏం జరిగిందో రైతులను అడిగి, తహసీల్దారును అడిగి, ఎవరికి ఫోన్ చేయాలో తెలియక ఎంతసేపు గడిచిందో రాసుకుని వస్తే ఆ ముసాయిదాకు అంతకంటే మంచి మొదటి అధ్యాయం ఉండదు. రాష్ట్రం కూడా చేతులు ముడుచుకుని కూర్చోనక్కర్లేదు. తెలంగాణ 2022 ఏప్రిల్‌లో అంతరిక్ష సాంకేతిక రంగానికి తన సొంత విధానాన్ని ప్రకటించిన రాష్ట్రం. పోలీసు, రెవెన్యూ, పంచాయతీలు తన చేతిలోనే ఉన్నాయి. ప్రైవేటు బెలూన్ లేచే ముందు రోజు దిగే అవకాశమున్న మండలాల తహసీల్దార్లకు, సర్పంచులకు తెలుగులో కబురు అందాలి, గ్రామ పంచాయతీ బోర్డు మీద ఒక ఫోన్ నంబరు ఉండాలి, దిగిన 24 గంటల్లో సాగుదారు పేరుతో పంచనామా జరగాలి, ముందే జమ చేయించుకున్న సొమ్ములోంచి వారంలో పంట నష్టం చెల్లించాలి. దీనికి పార్లమెంటు అక్కర్లేదు, ఒక ప్రభుత్వ ఉత్తర్వు చాలు. బెలూన్లు ఎగిరేది ఎక్కువగా చలికాలంలో. ఉత్తర్వు రాయడానికి వర్షాకాలమంతా సమయం ఉంది.